ఉజిలో మూడు గుక్కలు

హనబుసా ఆఖరి టీ ఉదయం ఏడుంబావుకి తాగాడు. తాగాడు అనడం కూడా తప్పే. కప్పు పెదవి దాకా వచ్చిందంతే.

ఉజి వంతెన పక్కన టూర్ ఆఫీసు. గదిలో ఒక్కడే ఉన్నాడు. వెనకనుంచి సన్నటి తీగ వచ్చి మెడకి చుట్టుకుంది. హనబుసా మోచేయి వెనక్కి విసిరాడు. టప్‌మని ఎవరి పన్నో విరిగింది. తీగ ఇంకా బిగిసింది, మాంసంలోకి దిగింది. కాళ్ళు రెండుసార్లు నేలని తన్ని ఆగిపోయాయి.

చంపినవాడు విరిగిన పన్ను ఏరి జేబులో వేసుకున్నాడు. కప్పులో మిగిలిన టీ తాగేసి వెళ్ళిపోయాడు.

అదే సమయానికి క్యోటోలో, సీక్రెట్ ఏజెంట్ కురమోచి తన భార్యతో చాప్‌స్టిక్‌ల కోసం పోట్లాడుతున్నాడు. పెళ్ళై తొమ్మిది రోజులు. జంటకని ఇచ్చిన ఎర్ర లక్క పుల్లలు, ఒక జత పొడుగు, ఒక జత పొట్టి.

"పొడుగువి నావి" అంది కనాయె.

"మగవాడికి పొడుగువి ఇవ్వడం ఆనవాయితీ."

"ఆనవాయితీ ప్రకారం అన్నం కూడా మగవాడే వండాడా ఇవాళ?"

ఫోన్ మోగింది. చీఫ్ కితబతకె.

"కొత్త పెళ్ళికొడుకా, లేచావా? హనబుసా పోయాడు."

కురమోచి పుల్లలు కింద పెట్టాడు. "ఎలా?"

"తీగ. పది గంటల వాకింగ్ టూర్‌కి ఇప్పుడు నువ్వే గైడువి. టీ తోటలు, గుళ్ళు, నడక. పదకొండుమంది టూరిస్టులు. వాళ్ళలో ఒకావిడ ఒతోవా సయో. డెబ్భై నాలుగేళ్ళు. నలభై ఏళ్ళు మన కోడ్ సెక్షన్‌లో చేసింది. మార్లిన్ ముఠా మన ఆఫీసుల్లో పన్నెండుమంది సొంత మనుషుల్ని పెట్టింది. ఆ పన్నెండు పేర్లూ ఆవిడ బుర్రలో తప్ప ఇంకెక్కడా లేవు."

"ఫోన్‌లో చెప్పెయ్యచ్చుగా సార్?"

"ఫోన్‌ని నమ్మదు. కాగితాన్ని నమ్మదు. నా మొహం చూసి నా చెవిలో చెప్తుందట. ఒంటిగంటకి సెయిరిన్‌జి గుడి టీ గదిలో. ఆవిడ ఇంటిమీద నిఘా ఉంది. అందుకే గుంపులో నడిపించి తెస్తున్నాం. ఆవిడ పోతే పేర్లు పోయినట్టే. వారం తిరిగేలోపు మనవాళ్ళు ఒక్కొక్కరూ హనబుసాలా దొరుకుతారు."

"సాయం?"

"రెయికా వస్తుంది. టూర్‌లో ఆమె పేరు మిదొరి. ఆ పేరుతోనే పిలు."

రెయికా! మూడేళ్ళుగా మార్లిన్ ముఠాలో మనిషిలా నటిస్తూ వాళ్ళ గుట్టు ఇటు చేరవేస్తున్న డబుల్ ఏజెంట్. ఆమె నవ్వితే కస్టమ్స్ వాళ్ళు పెట్టె తెరవడం మర్చిపోతారని ఆఫీసులో చెప్పుకుంటారు.

పదిగంటలకి కురమోచి వంతెన దగ్గర నీలం జెండా పట్టుకుని నిలబడ్డాడు. జెండా కర్రలో ఉక్కు చువ్వ ఉంది, మీట నొక్కితే బారెడు బయటికొస్తుంది. టూరిస్టులందరి చెవుల్లో ఇయర్‌ఫోన్లు, గైడు కాలర్‌కి మైకు.

"గైడు బాబూ, ఆ టోపీ నీది కాదు కదూ?" ఒసాకా నుంచి వచ్చిన కజితానీ ఆంటీ అప్పుడే మొదలుపెట్టింది. "చెవులమీదకి దిగిపోయింది."

"మా సీనియర్‌ది అండీ. ఇవాళ ఆయన రాలేదు."

"తాగి పడుకున్నాడా?"

"పడుకున్నాడండీ" అన్నాడు కురమోచి.

గుంపు చివర, చేతికర్ర మీద ఆనుకుని, గుప్పెడంత బామ్మ. కురమోచి దగ్గరికి వెళ్ళి కోడ్ వాక్యం వదిలాడు.

"ఈ ఏడాది తోటలకి నీడ ఎన్ని రోజులు కప్పారంటారు?"

"ఇరవై రోజులు, ఒక పూట." కళ్ళు పైకెత్తి అతన్ని ఎగాదిగా చూసింది. "మరీ పిల్లాడిని పంపాడే కితబతకె! పెళ్ళైందా?"

"తొమ్మిది రోజులైంది బామ్మగారూ."

"అయితే నీకూ బతకాలని ఉంటుంది. మంచిది, పద."

లేత ఆకుపచ్చ కిమోనోలో ఒక అమ్మాయి వచ్చి బామ్మ చేయి పట్టుకుంది. జడముడిలో వెండి సూది మెరిసింది. "నా పేరు మిదొరి అండీ. మెట్లు జారుతున్నాయి, నన్ను పట్టుకోండి." తర్వాత కురమోచి వైపు చూసి కన్ను గీటింది. అతనికి నిజంగానే ధైర్యం వచ్చింది.

మొదటి గుడిలో ఏమీ జరగలేదు. బామ్మ గంట కొట్టింది, కజితానీ ఆంటీ ఫోటోలు తీసింది. రెండో మజిలీ టీ తోట.

మే నెల. వరసలమీద నల్లటి గుడ్డ పందిరి కప్పి ఉంది. బయట మధ్యాహ్నపు ఎండ, లోపల మసక. తడిమట్టి వాసనలో పచ్చి ఆకు వాసన కలిసి ఆకలి పుట్టిస్తోంది. ఆకు కోసే ముసలమ్మలు టూరిస్టులకి బుట్టలిచ్చి తలో వరసకి పంపారు. గుంపు విడిపోయింది. కురమోచి చెవులు రిక్కించాడు.

పక్క వరసలో ఎవరో నేలమీద పాకుతున్నారు.

మైకు ఆపడానికి వీల్లేదు. గైడు గొంతు ఆగితే పదకొండుమందీ వెనక్కి తిరుగుతారు. ఆ గందరగోళంలో బామ్మని ఎవరైనా పొడిచెయ్యచ్చు. కురమోచి మాట్లాడుతూనే ఆ వరసలోకి దూరాడు.

"చూడండి, రెండు లేత ఆకులు, ఒక మొగ్గ. గోరు తగలకూడదు..."

పొదలోంచి లేచినవాడి పైపెదవి వాచి ఉంది. ముందు పన్ను లేదు. చేతిలో తీగ.

"వేళ్ళ మధ్య పట్టుకుని..." కురమోచి వాడి మణికట్టు దొరకబుచ్చుకున్నాడు. "...చిన్నగా తుంచాలి." ఎముక ఫెళుక్కుమంది. వాడు అరవబోయాడు. జెండా గుడ్డ వాడి నోట్లో కుక్కి, మోకాలితో పొత్తికడుపులో పొడిచాడు. ఇద్దరూ పొదమీద పడ్డారు. వాడు ఎడమచేత్తో కొమ్మలు కోసే కత్తెర అందుకుని విసిరాడు. కురమోచి భుజం చీలింది. వేడిగా కారింది.

"అమ్మా..." మైకులో జారిపోయింది.

"ఏమైంది గైడు బాబూ?" దూరంనుంచి ఆంటీ కేక.

"అమ్మా... అమ్మమ్మల కాలంనుంచీ ఇలాగే కోస్తున్నారండీ!"

మీట నొక్కాడు. చువ్వ వాడి తొడలోంచి దూసుకెళ్ళి నేలలో దిగింది. కురమోచి మైకుని అరచేత్తో మూసి వాడి చెవిలో అన్నాడు. "హనబుసా నా పెళ్ళికి బాజా వాయించాడురా. ఎవరు పంపారు? పేరు చెప్పు, బతుకుతావు."

వాడు తల ఊపాడు. చెప్తాననే. కురమోచి వాడి నోట్లోంచి గుడ్డ తీశాడు.

తుస్సుమని చిన్న చప్పుడు. వాడి గొంతులో ఎర్రటి చిల్లు. రక్తం చిమ్మి టీ ఆకులమీద చుక్కలు చుక్కలుగా పడింది.

వరస చివర రెయికా, సైలెన్సర్ ఉన్న పిస్తోలు దించుతోంది.

"వాడు నోరు తెరిచాడు, రెయికా! చెప్పబోతున్నాడు!" అన్నాడు కురమోచి, మైకు మీంచి చెయ్యి తియ్యకుండానే.

"నీ పక్కటెముకల దగ్గర వాడి రెండో చెయ్యి కనబడలేదా?" ఆమె వంగి చూపించింది. చేతిలో నిజంగానే చిన్న బాకు ఉంది. "థాంక్స్ అనాలి. పెళ్ళైతే మగవాళ్ళు మర్యాద మర్చిపోతారా?"

"థాంక్స్" అన్నాడు. శవాన్ని ఆకు బస్తాల కింద తోసి, భుజానికి రుమాలు కట్టి, పైన కోటు తొడుక్కున్నాడు.

ఒంటిగంటకి ఐదు నిమిషాలు. సెయిరిన్‌జి. టూరిస్టులు పెద్ద హాల్లో పల్చటి టీ, కలువ ఆకారపు మిఠాయి ముందేసుకుని కూర్చున్నారు. మైకు ఆపి, బామ్మని, రెయికాని తీసుకుని కురమోచి వెనక తోటలోకి నడిచాడు.

టీ గదికి తలుపు అనేదానికంటే కిటికీ అనడం న్యాయం. మోకాళ్ళమీద పాకి తల వంచి దూరాలి. ఆయుధాలు బయట చూరు కింద వదలాలి, అది ఆ గది ఆచారం. కురమోచి జెండా కర్ర వదిలాడు. రెయికా పిస్తోలు తీసి దాని పక్కన పెట్టింది.

"ముందు నేను వెళ్తాను" అంది. "మొదటి ఆసనం నాది. టీ ముందు నేనే తాగుతాను. అందులో ఏదైనా కలిపి ఉంటే నాకే తగలాలి."

కురమోచి మనసులోనే దండం పెట్టాడు.

లోపల నాలుగున్నర చాపలు పట్టే చిన్న గది. రెయికా, ఆమె పక్కన బామ్మ, చివర కురమోచి. పొయ్యిమీద ఇనప కెటిల్ సన్నగా కూస్తోంది. పక్క తలుపు తెరిచి బౌద్ధ సన్యాసి వేషంలో కితబతకె వచ్చాడు. గుండు వేషం కోసం చేయించింది కాదు, ఎప్పుడో దానంతటదే అయింది. కూర్చున్న వరస చూడగానే ఆయన కనుబొమ్మ కదిలింది. కానీ టీ చేసే ఇంటాయన అతిథులు కూర్చున్న చోటుని ప్రశ్నించకూడదు.

నల్లటి గిన్నెలో పచ్చటి పొడి, వేడి నీళ్ళు. చిక్కటి టీ, పాకంలా. ఒకే గిన్నె, అందరూ అందులోంచే తాగాలి. మొదటి అతిథి మూడు గుక్కలు తాగి, పెదవి ఆనిన చోటుని తన తడిగుడ్డతో తుడిచి పక్కవారికి ఇవ్వాలి. పక్కవారు సరిగ్గా అదే చోట పెదవి ఆనించాలి.

రెయికా మూడు గుక్కలు తాగింది. ఆమెకేం కాలేదు. కురమోచి ఊపిరి వదిలాడు. ఆమె బొడ్లోంచి మడిచిన తెల్లటి తడిగుడ్డ తీసి గిన్నె అంచు తుడిచింది. బామ్మకి అందించింది.

బామ్మ వంగి నమస్కరించి గిన్నె ఎత్తింది. అరచేతిలో ఒకసారి తిప్పింది.

కురమోచికి ఏదో రాయి పంటికింద పడ్డట్టయింది. క్యోటోలో పుట్టినవాళ్ళు ఎవరైనా మొదటి ఆసనంలో కూర్చోమంటే చస్తే కూర్చోరు. "మీరు కూర్చోండి", "అయ్యో, మీరుండగానా" అంటూ పావుగంట తోసుకుంటారు. తన పెళ్ళిలో అత్తగారూ పెద్దత్తగారూ అలా తోసుకుంటూనే టీ చల్లార్చేశారు. డెబ్భై నాలుగేళ్ళ బామ్మ గుమ్మంలో నిలబడి ఉంటే, క్యోటోలో, టీ నేర్పే ఇంట్లోనే పుట్టి పెరిగిన రెయికా ఒక్క "మీరు" కూడా అనలేదు.

బామ్మ రెండోసారి తిప్పింది.

ముందు తాగడం త్యాగమే. కానీ బామ్మ పెదవి ఆనే చోటుని తుడిచేది ఎవరు? రెండో ఆసనంలో ఉన్నవారికి గిన్నె తుడిచి ఇచ్చే హక్కు ఈ గదిలో ఒక్కరికే ఉంటుంది. తోటలో నోరు తెరిచినవాడి గొంతు పేల్చిందెవరు? రెయికా ఆ తడిగుడ్డని ఇంకా చేతిలోనే, గోళ్ళ చివర్లతో పట్టుకుని ఉంది.

బామ్మ పెదవికీ గిన్నె అంచుకీ మధ్య బియ్యపుగింజంత ఎడం.

కురమోచి చెయ్యి విసిరాడు. గిన్నె ఎగిరి స్తంభానికి కొట్టుకుని భళ్ళుమంది. పచ్చటి టీ గోడమీద చింది కారింది.

రెయికా ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. జడముడిలోంచి వెండి సూది లాగి పొడిచింది. అది కురమోచి అరచేతిలోంచి దిగి చాపకి గుచ్చుకుంది. అతను కేక పెట్టేలోపు ఆమె మోకాలు అతని దవడని తాకింది. తర్వాత ఆమె బామ్మ గొంతు పట్టుకుంది, ఒంటిచేత్తో. ముసలి మెడ, పిచ్చుక మెడంత. బామ్మ కాళ్ళు కొట్టుకున్నాయి. కళ్ళు తేలిపోయాయి.

"పేర్లు మింగేసి పో, ముసలిదానా!"

కురమోచి పళ్ళు బిగించి చేతిని పైకి లాగాడు. సూది చాపలోనే ఉండిపోయింది, చెయ్యి దాని మీదుగా చీలుకుంటూ వచ్చేసింది. నెత్తుటి పిడికిలితో రెయికా చెవిమీద కొట్టాడు. ఆమె పట్టు వదల్లేదు. నడుముకట్టు పట్టుకుని వెనక్కి లాగితే కట్టు ఊడింది గానీ ఆమె ఊడలేదు.

"కురమోచీ, తల దించు!" చీఫ్ గొంతు.

దించాడు. సలసల మరిగే నీళ్ళు గరిటెడు అతని తలమీదుగా వెళ్ళి రెయికా మొహాన్ని తాకాయి.

ఆమె అరుపుకి పెద్ద హాల్లో కప్పులు ఆగిపోయాయి. బామ్మని వదిలి వెనక్కి పడింది. కాలిన మనిషి ఏం చేస్తుందో అదే చేసింది. చల్లగా, తడిగా చేతిలో ఏముందో దాన్ని మొహానికి అదుముకుంది. కళ్ళకి, బుగ్గలకి, బొబ్బలెక్కిన పెదవులకి.

తర్వాత ఆగింది. గుడ్డ తీసి చూసుకుంది. కురమోచి వంక చూసింది.

"ఛ" అంది.

చిన్న తలుపు వైపు పాకింది. తలా భుజాలూ తోటలోకి వెళ్ళాయి. మిగతా మనిషి గదిలోనే ఉండిపోయింది. మడమలు నాలుగుసార్లు చాపని కొట్టాయి.

కెటిల్ మళ్ళీ కూత అందుకుంది.

బామ్మ గొంతు సవరించుకుంది. మెడమీద అయిదు వేళ్ళ వాతలు. "బాబూ, కాసిని నీళ్ళు. టీ వద్దు."

నీళ్ళు తాగి కితబతకె చెవి దగ్గరికి వంగింది. ఒక్కో పేరుకీ ఒక్కో వేలు మడిచింది. పేర్లు వింటున్నకొద్దీ చీఫ్ మొహం రంగు మారింది. పదకొండు దగ్గర బామ్మ ఆగి, ఆఖరి పేరు పైకే అంది.

"రెయికా."

గదిలో ఇద్దరు మగవాళ్ళూ తలుపులో ఇరుక్కున్న మడమల వైపు చూశారు.

"అంటే ఈ పిల్లేనా?" అంది బామ్మ. "నాకు పేర్లే తెలుసు నాయనా, మొహాలు తెలీవు. మిదొరి అని చెప్పింది. పొద్దున్నుంచీ చెయ్యి పట్టి నడిపిస్తుంటే, మనవడికి చేసుకుందామనుకున్నాను."

చీఫ్ గిన్నె పెంకులు దోసిట్లోకి ఎత్తుకున్నాడు. "మా ముత్తాత గిన్నె, కురమోచీ. మూడు భూకంపాలు తట్టుకుంది."

"సారీ సార్."

"పదకొండుమందిని సాయంత్రంలోపు పట్టుకుంటాను. నువ్వు ముందు బయటికి నడు. ఎవరూ ఇటు రాకూడదు."

ముందు తలుపు నిండా రెయికా ఉంది. కురమోచి చేతికి గుడ్డ చుట్టుకుని, పక్క తలుపులోంచి బయటపడి, జెండా అందుకుని హాల్లోకి వెళ్ళాడు. కజితానీ ఆంటీ గుమ్మంలోనే పట్టుకుంది.

"ఆ అరుపేంటి? ఆ పగిలిందేంటి? ఆ చేతికి రక్తమేంటి?"

"టీ గిన్నె జారిందండీ. ఒకావిడ మీద వేడినీళ్ళు పడ్డాయి. పెంకు నా చేతికి గుచ్చుకుంది."

"పాత గిన్నా?"

"బాగా పాతది."

"నాశనం! మీ ఆవిడకి చెప్పకు, ఇంట్లో గిన్నెలు ముట్టుకోనివ్వదు. సరే, మూడో గుడి ఎటు?"

"ఎడమవైపండీ" అన్నాడు కురమోచి, జెండా ఎత్తి. "మెట్లున్నాయి. జాగ్రత్త."

సాయంత్రం టూర్ ముగిశాక అందరూ అభిప్రాయాల కాగితాలు నింపారు. కజితానీ ఆంటీ రాసింది ఆఫీసు గోడకి ఇప్పటికీ అతికించి ఉంది. "గుళ్ళు బాగున్నాయి. తోట బాగుంది. గైడు మంచివాడే, కానీ ఎక్కడా ఒక ముప్పు, ఒక థ్రిల్లు లేవు. మా ఒసాకాలో అయితే నడకలో ఏదో ఒకటి జరుగుతుంది."