శుక్రవారం పేరు

"హలో మిస్టర్! కార్ తీస్తారా? డ్రమ్స్ దించుకోవాలి!"

డెట్రాయిట్‌లో ఒక హాలు ముందు, వానలో, నిశాంత్‌కి అకువా అలా పరిచయమైంది. కారు తీయించి, ఆ డ్రమ్ములు కూడా అతనిచేతే మోయించింది. లోపలికెళ్లాక డేట్ ఆఫ్ బర్త్ అడిగింది. పాస్‌పోర్టులో ఉన్నదే చెప్పాడు.

"శుక్రవారం! అయితే నువ్వు కోఫీ. మా ఘానాలో పుట్టిన వారాన్ని బట్టి పేరు. నాది బుధవారం, అందుకే అకువా."

అది అసలు పుట్టినరోజు కాదని అప్పుడే చెప్పాల్సింది. కానీ ఆ పిల్ల 'కోఫీ' అని పిలుస్తుంటే ప్రాణానికి హాయిగా ఉంది. అలా ఏడాది గడిచింది.

2007 మార్చి. ఘానాకి స్వతంత్రం వచ్చి యాభై ఏళ్లయిందని అదే హాల్లో పండగ. అకువా నాన్న జోసెఫ్ డెట్రాయిట్‌లోనే పుట్టిన నల్లజాతి మనిషి. హక్కుల కోసం ఊరేగింపుల్లో దెబ్బలు తిని, అప్పుడే స్వతంత్రం వచ్చిన ఘానాలో పాఠాలు చెప్పడానికి వెళ్లి, అక్కడి అమ్మాయిని పెళ్లాడి వచ్చినవాడు. కాబోయే అల్లుడికి ఈరోజు అందరి ముందూ పేరు పెడతానన్నాడు.

"నాలుక మీద ముందు నీళ్లు, తర్వాత వైన్," అని అకువా చెప్పింది. "నీళ్లని నీళ్లనీ, వైన్‌ని వైన్ అనీ అనాలి. అంటే ఇక జన్మలో అబద్ధం ఆడనని."

పెద్దాయన తడివేలు నిశాంత్ పెదాల దాకా వచ్చింది.

"ఆగండి అంకుల్! నేను శుక్రవారం పుట్టలేదు. బళ్లో వేసేటప్పుడు వయసు చాలట్లేదని మా హెడ్మాస్టర్ ఏదో డేట్ వేసేశారు. మా ఊళ్లో సగం మందికి అంతే. తను పిలుస్తుంటే బాగుందని చెప్పలేదు. సారీ."

"ఏడాది నుంచా?" అకువా కళ్లెర్రజేసింది.

జోసెఫ్ మాత్రం మెల్లగా నవ్వాడు. "నా ఇంటిపేరు మా ముత్తాతని బానిసగా కొన్న దొరది, బాబూ. ఘానా వెళ్లినప్పుడు అక్రా ఊళ్లో ఒక ముసలమ్మ ఏ వారం పుట్టావంటే నాకూ తెలీలేదు. మా అమ్మకి ఉత్తరం రాసి కనుక్కున్నా. నాకంటూ ఒక పేరు అప్పుడే వచ్చింది. మీ అమ్మకి ఫోన్ చెయ్యి."

ఇండియాలో అప్పటికి తెల్లవారింది. స్పీకర్‌లో తల్లి గిరిజ గొంతు: "బుధవారంరా. సంత రోజు. ఇప్పుడెందుకూ?"

"అయితే క్వాకు! బుధవారం పుట్టిన మగాడి పేరు," అన్నాడు జోసెఫ్. నీళ్లు, ఆపైన వైన్. హాలంతా చప్పట్లు.

"థాంక్యూ అత్తయ్యా!" అకువా వచ్చీరాని తెలుగులో అరిచింది.

"ఎవర్రా ఆ పిల్ల?"

ఫ్రెండ్ అనేసేవాడే. నాలుక మీద వైన్ ఇంకా ఆరలేదు.

"నీ కోడలమ్మా. ఇక్కడి పిల్లే. వాళ్లమ్మది ఘానా."

అకువా అతని చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"ఏ వారం పుట్టిందిరా?" అంది గిరిజ చివరికి.

"నేను పుట్టిన వారమే అమ్మా."