తిరుపతమ్మ వంతు నీళ్లు

అమావాస్య... మిట్టమధ్యాహ్నం!

పెద్దమందడి చెలకల మీద సూర్యుడు చితిమంటలా భగభగ మండుతున్నాడు. నరసంచారం లేదు... ఆకు కదలడం లేదు. ఉన్నట్టుండి ఆ పట్టపగలే బావిగట్టు తుమ్మచెట్టు మీద గుడ్లగూబ వికృతంగా కూసింది! మబ్బుతునక లేని ఆకాశంలో ఫెళఫెళమని ఉరుము!

మోటారు వేయడానికి ఒంటరిగా వచ్చిన తిరుపతమ్మ ఉలిక్కిపడి నిలబడిపోయింది.

ఆ బావి ఆమె భర్త రామన్నకూ, పక్క చెలక బాలరాజుకూ ఉమ్మడి. బాలరాజు నీళ్లు ఆపేస్తే రామన్న కోర్టుకెక్కాడు. ఒకరి తర్వాత ఒకరు వంతులవారీగా తోడుకోవాలని తీర్పు వచ్చేసరికి రామన్న లేడు. అతణ్ణి చెలక అంచునే పూడ్చిపెట్టారు. పిల్లలు లేరు. బాలరాజుకు జడిసి ఊళ్లో ఎవరూ ఆమెను పలకరించరు. ఒక్కోసారి రోజుల తరబడి ఆమె గొంతు ఆమెకే వినిపించదు.

ఈరోజు వంతు ఆమెదే.

బావి మెట్ల మీద రక్తవర్ణపు ముగ్గు... ముగ్గు నడుమ ఒక కపాలం! దాని వెనక జటాజూటంతో, నిప్పుకణికల్లాంటి కళ్లతో మాంత్రికుడు కాళప్ప! కృష్ణ అవతలి కన్నడ సీమ నుంచి బాలరాజు రప్పించిన క్షుద్రోపాసకుడు వాడు. బాలరాజేమో స్టార్టరు డబ్బా చాటున నక్కి గజగజ వణుకుతున్నాడు.

కపాలానికి ముందుపన్ను సగం విరిగి ఉంది. ఆ పన్ను తిరుపతమ్మకు తెలుసు! చప్పున చెలక అంచుకు చూసింది. రామన్న గోరీ తవ్వి ఉంది...

"నా మొగన్ని తవ్విండ్రా! మీ చేతులిరిగిపోను!"

కాళప్ప వికటాట్టహాసం చేసి గుప్పెడు భస్మం ఆమె మీదికి విసిరాడు. "హ్రీం... ఆవాహయామి!" ఆమె దేహం విల్లులా వెనక్కి వంగింది. కేశపాశం విడిపోయింది. కనుగుడ్లు తెల్లబడ్డాయి. ఆమె నోట... మగ గొంతు!

"తిర్పతీ... తిన్నవానే?"

ఆ తెల్లని కళ్లలోంచి బొటబొట నీళ్లు రాలాయి. ఎన్నాళ్లయింది, ఆమెను ఎవరైనా ఆ మాట అడిగి!

"విన్నవా?" కాళప్ప బుసకొట్టాడు. "వాణ్ణి నీ ఒంట్లోనే ఉంచుత. సచ్చేదాక ముచ్చట పెట్టుకో. ఈ బావి నాది కాదని కపాలం మీద ఒట్టెయ్యి, చాలు. కాదన్నవో... వాణ్ణి పిశాచిని చేసి ఈ బావిలనే కట్టేస్త!"

నీళ్లెందుకు? చెలకెందుకు? ఇంట్లో ఒక గొంతు ఉంటే చాలదా? ఒట్టు వేయడానికి తిరుపతమ్మ చేయి చాచింది. చాచి, ఆగింది.

"ఏమయ్యా... నాతాన ఉంటవా?" తన గొంతుతో తనలోని వాణ్ణి అడిగింది.

ఆమె నోటనే మళ్లీ మగ గొంతు పలికింది.

"దూపయితుందే... గొంతు మండుతుంది. నన్ను పోనియ్యి తిర్పతీ..."

ఆమె పెదవి కొరుక్కుంది. మరుక్షణం కపాలాన్ని గుండెకు హత్తుకుని మెట్లు దిగి పరుగెత్తింది!

"బేడ! బేడ! వద్దే! ఆ నీళ్లు ముట్టియ్యకు!" కాళప్ప వెంటపడ్డాడు.

కపాలాన్ని చివరి మెట్టు మీద ఉంచి, దోసిలి నిండా నీళ్లు తీసి ఆమె ఆ ఎండిన నోట పోసింది. "నా వంతు నీళ్లు... తాగు. తాగి పో. తల్లీ గంగమ్మా, నా మొగన్ని నీలోన కలుపుకో!"

ఆమె ఒంట్లోంచి ఒక నిట్టూర్పు వెడలిపోయింది...

అంతే! బావిగర్భం ఘోషించింది! కాళప్ప ఆవాహన చేసిన క్షుద్రశక్తి ఆహుతి దొరకక వాడి మీదికే తిరగబడింది. కాళప్ప ఒళ్లంతా నీలిమంటలు! ఆర్తనాదం చేస్తూ వాడు బావిలోకి దూకబోయాడు. గంగ ఉవ్వెత్తున లేచి వాణ్ణి ఒడ్డుకే విసిరికొట్టింది! ఒక్క చుక్క కూడా వాడికి దక్కలేదు. చూస్తుండగానే వాడు పిడికెడు బూడిదై రాలిపోయాడు.

"నీ కాల్మొక్త వదినా! ఇగ నీ వంతుకు అడ్డం రాను!" బాలరాజు బొర్లపడ్డాడు.

"లే. పార తేపో. గుంత పూడ్వాలె," అంది తిరుపతమ్మ.

రామన్నను మళ్లీ మట్టిలో పడుకోబెట్టాక ఆమె మోటారు వేసింది. పొద్దు వాలేసరికి నీళ్లు పల్లిచేను చివరి సాలుకు చేరాయి. బాలరాజు ఎప్పుడో వెళ్లిపోయాడు. ఆమె మోటారు ఆపి, కాళ్లు కడుక్కుని, పక్కకు తిరిగి, "ఇగ పోదామా?" అంది.

కాసేపు నిలబడింది. తర్వాత ఒక్కతే నడిచింది.