సీతానదిలో నాలుగో మకాం

వాల్తేరు పాసింజరు రాయ్‌పూర్ స్టేషన్లో ఆగీ ఆగకముందే దానయ్య ప్లాట్‌ఫారం మీదికి దిగాడు. గడ్డం మాసి ఉంది. కళ్ళు నలువైపులా తిరుగుతున్నాయి.

నీళ్ళ కుళాయి పక్క బెంచీ మీద పేపరు చదువుతున్న మనిషి తల ఎత్తలేదు. "పార్వతీపురంలో వానా?" అన్నాడు.

"వాన కాదు, వడగళ్ళు," అన్నాడు దానయ్య. అది కోడ్. పేపరు వెనక ఉన్నది భీమారావు, సెంట్రల్ సీక్రెట్ బ్రాంచిలో ఏజెంట్ కె-7. ఇద్దరూ రాయ్‌పూర్ రైల్వే కాలనీలో పక్కపక్క క్వార్టర్స్‌లో పెరిగినవాళ్ళు. అయినా అక్కడ ఒకరి మొహం ఒకరు చూసుకోకూడదు.

దానయ్య అప్పటికే టీ అమ్మేవాడి దగ్గర మట్టి ముంత అందుకున్నాడు. రెండు గుక్కలు తాగాడు. మూడో గుక్క గొంతు దిగలేదు. ముంత నేల మీద పడి పగిలింది. దానయ్య మోకాళ్ళ మీద కూలాడు.

భీమారావు పేపరు విసిరేసి అతన్ని పట్టుకున్నాడు. టీ కెటిలు ప్లాట్‌ఫారం మీదే ఉంది. అమ్మినవాడు లేడు.

"బాక్సు... సీతానది కొండల్లో... నాలుగో మకాం," అన్నాడు దానయ్య. పెదవులు నీలం తిరుగుతున్నాయి. "రేపు బయల్దేరే జట్టు... అందులో మన తెలుగువాడే, భీమా..."

పేరు పెదవి దాటలేదు.

*

సెక్షన్ చీఫ్ చెన్నకేశవులు ఆ ఏడాది పళ్ళ డాక్టరు వేషంలో ఉన్నాడు. గోల్‌బజార్ వెనక మేడ మీద బోర్డు, కుర్చీ, కుయ్యిమనే మిషను, అన్నీ అసలువే.

"నోరు తెరు. కిటికీలోంచి చూసేవాళ్ళకి నువ్వు పేషెంటువి," అన్నాడు. భీమారావు నోరు తెరిచాడు. బ్రీఫింగ్ మొదలైంది.

"పోయిన నెల తూర్పు తీరం నుంచి మనవాళ్ళు ఒక రాకెట్‌ని పరీక్షించారు. దారి తప్పి సీతానది అభయారణ్యంలో పడింది. తునకలన్నీ దొరికాయి. దాన్ని నడిపించే గైడెన్స్ బాక్స్ దొరకలేదు. ఎవరో ముందే చేజిక్కించుకుని కొండ మీద దాచారు. ఆ సంగతి కనిపెట్టినవాడు దానయ్య. అది పరాయి దేశం చేతికి పోతే ఇరవై ఏళ్ళ శ్రమ గంగలో కలిసినట్టే."

భీమారావు అతని చెయ్యి పక్కకి తోశాడు. "సైన్యాన్ని దింపండి సార్."

"దింపితే బాక్సు పోయిందని మనమే దండోరా వేసినట్టు. దాచినవాడు ఏ లోయలోనో పారేసి చేతులు దులుపుకుంటాడు. అడవి చుట్టూ చెక్‌పోస్టులున్నాయి. పర్మిట్ ఉన్న ట్రెకింగ్ జట్టుని మాత్రం ఎవరూ సోదా చెయ్యరు. వాళ్ళ ప్లాను అదే. నువ్వు ఆ జట్టులో కలుస్తావు. భిలాయిలో అకౌంట్స్ గుమాస్తావి. పేరు సత్తిరాజు. బాక్సు దొరకాలి, దాన్ని మోసేవాడు ప్రాణంతో దొరకాలి."

దళసరి కళ్ళద్దాలూ ఒక థర్మాస్ ఫ్లాస్కూ చేతికిచ్చాడు. ఫ్లాస్కు అడుగున ట్రాన్స్‌మిటర్ ఉంది. మూత తిప్పితే అడవి అంచున కాసుకున్న కమాండోలకి సిగ్నల్ వెళుతుంది.

"దానయ్య దహనం ఇవాళ సాయంత్రం," అన్నాడు భీమారావు.

"నువ్వు వెళ్ళడానికి లేదు."

ఆ మాట చీఫ్ కిటికీ వైపు తిరిగి అన్నాడు.

*

ధమ్తరి దాకా చిన్నరైలు, నగరి దాకా లారీ. అక్కణ్ణుంచి కాలినడక. జట్టులో నలుగురే. ఎవరి బరువు వాళ్ళే మొయ్యాలి.

నాయకుడు కోటయ్య. రాయ్‌పూర్ స్టేషన్ రోడ్డులో టెంట్‌హౌస్ యజమాని. నల్లగా, గట్టిగా, చింతమొద్దులా ఉంటాడు. నోరు మూతపడదు. వీపున పిట్టూ అనే పెద్ద సంచీ.

"బియ్యం, పప్పు, ఆలూ అంతా నా పిట్టూలోనే భాయ్! మీరు తినేకొద్దీ నా బరువు తగ్గుతది. జర దయుంచి రెండు ముద్దలు ఎక్కువే తినండి!"

రెండోవాడు ప్రొఫెసర్ వెర్నర్, ఎర్రటి తెల్లదొర. అడవి మొక్కల మీద పరిశోధన చేస్తున్నానంటాడు. భుజాన పొడుగాటి రేకు పెట్టె, దానికి తాళం. మొక్కలకి తాళమెందుకో భీమారావుకి అర్థం కాలేదు.

మూడో మనిషి ఊర్మిళ. నాగపూర్‌లో ఒక పత్రికకి ఫోటోలు తీస్తుందట. నల్ల కళ్ళద్దాలు, మెడలో ఎర్ర స్కార్ఫు, చేతిలో మూరెడు లెన్సున్న కెమెరా. చెమట కారుతున్నా ఆ మొహంలో కళ తగ్గలేదు.

"సత్తిరాజు గారూ, భిలాయిలో లెక్కలు రాసేవాళ్ళు కొండలెక్కడం కొత్తగా ఉందే!" అంది నవ్వుతూ.

"డాక్టరు నడవమన్నాడండీ. షుగరు," అన్నాడు భీమారావు.

"నడకకి ఇంత దూరం వచ్చారా?"

నవ్వు పెదవుల మీదుంది. చూపు మాత్రం ఫ్లాస్కు మీదుంది.

మొదటిరోజు సాల్ చెట్ల నీడన నడక బాగానే సాగింది. రెండోరోజు ఎక్కుడు మొదలైంది. భుజాలు ఒరుసుకుపోయాయి. మడమలు బొబ్బలెక్కాయి. మధ్యాహ్నానికి ఒక ఇరుకు లోయ అడ్డొచ్చింది. అటునుంచి ఇటు కోటయ్య తాడు కట్టాడు. ఒక్కొక్కరే తాడు పట్టుకుని బండ అంచున జరగాలి. వెర్నర్ దాటాడు, ఊర్మిళ దాటింది. భీమారావు నడిమికి వచ్చేసరికి తాడు పటుక్కున తెగింది.

కాళ్ళ కింద రాళ్ళు జారి లోయలో పడ్డ చప్పుడు చాలాసేపటికి వినిపించింది. అతను తెగిన కొసకి వేలాడుతున్నాడు. పైనుంచి ఒక చెయ్యి వచ్చి అతని మణికట్టు పట్టుకుంది. ఊర్మిళ చెయ్యి. ఆ వేళ్ళలో అంత బలముంటుందని అతను అనుకోలేదు.

"అరే బాప్‌రే! పాతతాడు తెచ్చి తప్పు చేసిన!" అని కోటయ్య నెత్తి కొట్టుకున్నాడు.

భీమారావు తాడు కొస చూశాడు. పురులు సగం దాకా నున్నగా ఉన్నాయి. అది అరిగి తెగిన తాడు కాదు, కత్తి ఆడిన తాడు. తనమీద ఎవరికో అనుమానం వచ్చింది. చంపబోయిన మనిషీ కాపాడిన మనిషీ ఒకరేనా? నమ్మకం సంపాదించడానికి ఆడిన నాటకమా?

మూడోరోజు పొద్దువాలుతుండగా జవాబు దొరికిందనుకున్నాడు. కట్టెలు ఏరుతుంటే బండ అవతల గుసగుస వినబడింది. మగగొంతు. మనిషి కనబడడు.

"పాలపిట్ట కనిపించిందా?"

"ఎడమకి ఎగిరింది. రేపు గూటికి వస్తుంది." అది ఊర్మిళ గొంతు.

"ఆ గుమాస్తా?"

"వాణ్ణి నాకొదిలెయ్యండి."

భీమారావు పాకుతూ బండ చుట్టి వచ్చాడు. ఊర్మిళ ఒక్కతే నిలబడి పెదవులకి రంగు వేసుకుంటోంది. కాస్త దూరంలో వెర్నర్ మోకాళ్ళ మీద కూర్చుని రేకు పెట్టెకి తాళం వేస్తున్నాడు. వాగు వైపు నుంచి కోటయ్య నీళ్ళ డబ్బాతో ఈలవేసుకుంటూ వస్తున్నాడు.

దానయ్య చెప్పింది తెలుగువాడని. దొరకి తెలుగు వస్తుందా? లేక కోటయ్యా?

ఇక ఆలస్యం చెయ్యకూడదు. పొదల వెనక్కి వెళ్ళి ఫ్లాస్కు మూత తిప్పాడు. మొహానికి ఆవిరి కొట్టింది. అడుగున ట్రాన్స్‌మిటర్ లేదు. ఫ్లాస్కు నిండా వేడివేడి టీ.

దానయ్య నీలి పెదవులు కళ్ళముందు మెదిలాయి. ఆ టీని నేల మీద పారబోశాడు. ఇక కమాండోలు రారు. ఈ కొండ మీద అతను ఒంటరి.

*

నాలుగో మకాం కొండ నెత్తిన ఒక రాతి చూరు కింద. చుట్టూ ఎటుచూసినా అడవే. భీమారావు గుహలూ చీలికలూ వెతకడానికి వంద సాకులు చెప్పాడు. ప్రతిసారీ ఊర్మిళ కెమెరా పట్టుకుని వెంటే వచ్చింది. బాక్సు కనబడలేదు.

తెల్లవారగానే వెర్నర్ మొహం కడుక్కోవడానికి వెళ్ళాడు. భీమారావు రేకు పెట్టె తాళం తీశాడు. లోపల తడి గుడ్డలో చుట్టిన మొక్కలు, వాటి వేళ్ళకి నాచు. అంతే. ఆ ముసలాయన నిజంగానే మొక్కల పిచ్చివాడు.

ఐదోరోజు దిగుడు. ఉదయం మిగిలిన గుప్పెడు బియ్యంతో గంజి కాచారు. "రాషన్ ఖతం! ఇవాళ నగరిలో పూరీలు తిందాం," అంటూ కోటయ్య ముందు నడిచాడు. వెనక వెర్నర్, ఊర్మిళ. అందరికంటే వెనక భీమారావు, తల వంచుకుని. తల వంచడం వల్లే చూశాడు.

వాగు దాటిన చోట తడి ఇసుక ఉంది. ముగ్గురి అడుగులూ దానిమీద పడ్డాయి. కోటయ్య అడుగు మిగతావాటి కంటే బాగా లోతుగా దిగింది. బియ్యం అయిపోయింది, పప్పు అయిపోయింది. ఆ పిట్టూ ఈపాటికి వీపు మీద దూదిలా ఊగాలి. దాని పట్టీలు మాత్రం భుజాల్లోకి కోసుకుపోతున్నాయి!

అదే క్షణంలో కోటయ్య ఆగాడు. "ఇక్కడ చాయ్ తాగుదాం! స్టవ్వు వెలిగిస్తున్న. నీళ్ళు మరిగే దాకా దీని దగ్గర్నే కూర్చోండి, గాలికి ఆరిపోద్ది. నేను పోయి దారి చూసొస్తా."

స్టవ్వు వెలిగించాడు. దారి చూడబోయేవాడు పిట్టూ దించలేదు. ఊర్మిళ కూడా "ఫోటోలు" అంటూ అతని వెంట దిగింది.

వెర్నర్ చలికి చేతులు చాపి స్టవ్వు పక్కన చతికిలబడ్డాడు. స్టవ్వు బుస్సుమంటోంది. ఆ బుసలో ఇంకో చప్పుడు ఉంది. టిక్. టిక్. టిక్.

భీమారావు ఒక్క తన్ను తన్నాడు. స్టవ్వూ గిన్నే లోయలోకి ఎగిరాయి. మరుక్షణం కొండ అదిరింది. లోయలోంచి నిప్పూ మట్టీ పైకి లేచాయి.

వెర్నర్ ఖాళీ కప్పు పట్టుకుని అలాగే కూర్చున్నాడు. "మేరా చాయ్?" అన్నాడు.

"కదలకండి దొరా!" అని భీమారావు కిందికి పరుగెత్తాడు.

చెట్లు విడిపోయిన చోట నది బయటపడింది. నీరింకిన ఇసుక తిన్నె మీద ఒక చిన్న తెల్ల విమానం ఉంది. ప్రొపెల్లర్ తిరుగుతోంది. కోటయ్య దానివైపు పరుగెడుతున్నాడు, వెనకే ఊర్మిళ.

"ఆగు కోటయ్యా!"

ఊర్మిళ గిరుక్కున తిరిగింది. లెన్సు అతని గుండెకి గురిపెట్టింది. టప్! కెమెరాలోంచి వచ్చింది తూటా. భీమారావు టోపీ ఎగిరిపోయింది. ఇసుక మీద బోర్లా పడ్డాడు.

"శభాష్!" అని నవ్వుతూ కోటయ్య విమానం రెక్క ఎక్కాడు. పిట్టూ విప్పి ఒక చేత్తో పట్టుకుని రెండో చెయ్యి ఊర్మిళకి అందించాడు. "జల్దీ రా!"

విమానం కదిలింది. ఊర్మిళ పక్కనే పరుగెత్తింది. కానీ ఆమె పట్టుకున్నది అతని చెయ్యి కాదు, పిట్టూ పట్టీ. ఒంట్లో బరువంతా వేసి లాగింది. కోటయ్య పిట్టూతో సహా దొర్లి ఇసుకలో పడ్డాడు. పిట్టూ మూతి విడి గైడెన్స్ బాక్సు బయటపడింది. విమానం వేగమందుకుంటోంది, ముందు చక్రం నేల విడుస్తోంది. ఊర్మిళ మోకాలి మీద వంగి లెన్సు ఎత్తింది. టప్! వెనక టైరు పేలింది. విమానం ఒక పక్కకి ఒరిగి, రెక్కతో ఇసుకని దున్నుకుంటూ పోయి ఆగింది. పైలట్ చేతులెత్తి దిగాడు.

కోటయ్య చెయ్యి చొక్కా కాలర్ వైపు వెళ్ళింది. ఆ కాలర్‌లో విషపు గుళిక ఉంటుందని భీమారావుకి తెలుసు. ఎగిరి అతని మీద పడ్డాడు. ఊర్మిళ మెడలోని స్కార్ఫు లాగి విసిరింది. భీమారావు దాన్ని కోటయ్య నోట్లో కుక్కాడు.

"నువ్వు... మనవైపా?" అన్నాడు రొప్పుతూ.

"రెండేళ్ళుగా వీళ్ళ ముఠాలోనే ఉన్నాను. విమానం పంపే చెయ్యి ఎవరిదో తేలేదాకా నోరు విప్పొద్దన్నారు చీఫ్. మొన్న నువ్వు బండ చాటున విన్న గొంతు ఆయనదే, నా లిప్‌స్టిక్‌లో రేడియో ఉంది. ఆ తాడు కోసింది వీడే. నీ ట్రాన్స్‌మిటర్ తీసింది నేను. వీడి దగ్గర రిసీవర్ ఉంది, మూత తిప్పిన నిమిషంలో నిన్ను చంపేవాడు. ఇవాళ పొద్దున ఆ రిసీవర్ తీగ తెంపి, సిగ్నల్ నేనిచ్చాను."

"మరి ఆ టీ?"

"నీ కోసం పెట్టాను. చలిగా ఉందని. పారబోశావా?"

చెట్ల మధ్య నుంచి కమాండోల జీపులు వస్తున్న మోత వినిపించింది.

*

రాయ్‌పూర్ చేరగానే భీమారావు ముందు రైల్వే కాలనీకి వెళ్ళాడు. దానయ్య భార్య సూరమ్మ గుమ్మంలో కూర్చుని ఉంది. బాక్సు గురించి, కొండల గురించి ఆమెకి ఏమీ చెప్పకూడదు.

"ఆఖర్న శానా బాధపడ్డాడేటి బావా?" అని మాత్రం అడిగింది.

"లేదమ్మా. ఇట్టే పోయాడు," అన్నాడు. ఆ ఉద్యోగంలో అతను ఆడిన అబద్ధాల్లో అన్నిటికంటే కష్టమైంది అదే. "వాడు మొదలుపెట్టిన పని అయిపోయింది." ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని తలూపింది.

మర్నాడు చెన్నకేశవులు రిపోర్టు విన్నాడు. కోటయ్య నోరు విప్పుతున్నాడనీ, టీ అమ్మినవాడు ఆరంగ్‌లో దొరికాడనీ చెప్పాడు.

"బాగా చేశావు. పది రోజులు సెలవిస్తున్నాను. ఎక్కడికి వెళ్తావు?"

భీమారావు బొబ్బలెక్కిన కాళ్ళు బూట్లలోంచి బయటికి లాగుకుంటూ అన్నాడు:

"ఎక్కడికైనా సరే సార్. గుమ్మం దాకా రిక్షా వెళ్ళాలి, అంతే."