చచ్చినవాళ్ళు లేవచ్చు

శవం ముక్కు మీద దీపం పురుగు వాలింది. శవం "ఉఫ్" అని ఊదింది.

ఎర్సీలియా వెనక్కి గెంతింది సరిగ్గా అప్పుడేనట.

టూరిన్‌లో, దోరా ఏటి ఒడ్డున, అద్దాల షెడ్డు అది. పగలు సినిమాలు తీస్తారు. పొద్దుగూకితే కుక్క కూడా అటు పోదు... ఖాళీ షెడ్డులో ఎవరో గొంతు సవరించుకుంటారని చెడ్డపేరు.

ఎర్సీలియా అక్కడ బట్టలు కుట్టే పనిలో చేరి రెండ్రోజులు. రోమన్ సైనికుల చొక్కాలు నలభై ఉండాలి, ముప్పైతొమ్మిదే ఉన్నాయి. "తెల్లారేసరికి నలభయ్యోది కనపడాలి. లేదా నువ్వు కనపడకు," అంది దుస్తుల పెద్దావిడ. లాంతరు పట్టుకుని పోక ఏం చేస్తుంది?

చొక్కా దొరికింది — లోపల మనిషితో సహా.

"ఎవరయ్యా నువ్వు?"

"ష్... షూటింగ్. నా పేరు ఎవాజియో. విని ఉండవులే."

ఎవరు విన్నారు గనక! తొమ్మిదేళ్ళుగా తెర మీద చావడమే ఆయన పని. సింహం నోట్లో పడ్డాడు, ఓడతో మునిగాడు, ఊరు తగలబడితే ముందు తనే మాడాడు. ఎప్పుడూ వీపే, మొహం కనిపిస్తే ఒట్టు.

"షూటింగ్ ఎప్పుడో అయిపోయింది. చొక్కా ఇచ్చి ఇంటికి పో."

"కేక పడలేదుగా..."

ఆ కంపెనీ కట్టుబాటు అది. డైరెక్టరో, ఆయన పంపిన మనిషో "చచ్చినవాళ్ళు లేవచ్చు!" అని కేకేసేదాకా శవాలు కదలకూడదు. కదిలితే మర్నాటి నుంచి పని లేదు.

"ఈసారి వెల్లకిలా పడ్డానమ్మాయ్... మొదటిసారి మొహం కనిపిస్తుంది. చెడగొట్టకు."

ఎర్సీలియా కాఫీ హోటలుకి పరిగెత్తింది. డైరెక్టర్ ఒద్దోనే గారు వెర్మూత్ తాగుతున్నారు.

"అయ్యా, ఎవాజియో గారు ఇంకా అక్కడే పడున్నారు. ఒక్క కేక వెయ్యండి."

"ఎవాజియోనా? పోయిన మంగళవారం స్తంభం మీదపడి పోయాడే, వాడా?" గ్లాసు దించలేదాయన. "ఏం చావు చచ్చాడనుకున్నావ్! నటనేమో అనుకుని చప్పట్లు కొట్టాం. ఆ హడావిడిలో చొక్కాతోనే పూడ్చేశాం."

ఎర్సీలియా లాంతరు బల్ల మీద పెట్టేసింది.

"మొహం... మొహం ఫిల్ములో పడిందా, అయ్యా?"

"ఎక్కడ? హీరో కాలు అడ్డొచ్చింది."

"పోనీ, వచ్చి లేవమనండి. పాపం..."

ఒద్దోనే కళ్ళు మెరిశాయి. "లేపుతారా, పిచ్చిదానా? తిండి అడగడు, పేరు వెయ్యమనడు, కదలడు! వచ్చే బుధవారం ఇంకో యుద్ధం తీసేది ఉంది. నువ్వు గానీ ఆ కేక వేశావో — మళ్ళీ ఈ ఊళ్ళో సూది పట్టవు."

మళ్ళీ షెడ్డు గుమ్మం. చీకటి.

"వచ్చావా అమ్మాయ్... డైరెక్టర్ గారు పంపారా? బాగా పడిందటా, నా మొహం?"

కేక నాలిక చివర ఉంది. వేస్తే తన పని పోతుంది. వెయ్యకపోతే ఆయన పోడు. ఇక మొహం సంగతి...

అక్కడే నిలబడి ఉంది, పాపం. మీరే చెప్పండి — ఇప్పుడా పిల్ల ఏం చెయ్యాలి?