బాండుంగ్ నుంచి వచ్చిన గొంతు

పొద్దున ఎనిమిదయ్యేసరికి కబ్బన్‌పేటలోని గోపాలప్ప ఇంట్లో కింద మరమగ్గాల మోత మొదలవుతుంది. ఆ మోతలో బతికేవాళ్లకు చెవులతో పెద్దగా పనిలేదు. ఎదుటివాళ్ల పెదాలు చూసి మాట పట్టేస్తారు. అందుకే గొంతు ఆపరేషన్ తర్వాత భార్య పద్మావతి మాట ఉత్త గాలిగా మిగిలినా, "నాకేం తేడా తెలీలేదు" అంటూ తిరిగాడు గోపాలప్ప. అబద్ధమే, కానీ ప్రేమతో ఆడినది.

ఆరోజు కాఫీ లోటాతో మేడమీదికి వచ్చేసరికి కూతురు అనూష కంప్యూటర్ ముందు నవ్వుకుంటోంది. తెరమీద ఎవరో ఇద్దరు పరదేశపు అమ్మాయిలు దువ్వెనలు మైకుల్లా పట్టుకుని ఊగిపోతున్నారు. మోతలో పాట సరిగా వినబడకపోయినా, పెదాలు చూడగానే గోపాలప్ప గుర్తుపట్టాడు. పోయిన ఆయుధపూజకు మగ్గాలు ఆపి, బొట్లు పెట్టి, వాటి ముందు పద్మావతి పాడిన హారతి పాట!

"ఏమ్మా, మీ అమ్మ పాట వాళ్ల నోళ్లకెట్ల పోయె?"

"నేనే ఫోన్లో తీసి నెట్‌లో పెట్టినానప్పా. వాళ్లు ఇండోనేషియా పిల్లోళ్లు, బాండుంగ్ ఊరు. పాట పెట్టుకొని పెదాలు కదిలిస్తారు. ఆడ ఇప్పుడు అందరికీ ఇదే హుచ్చు, ఒకటే పిచ్చి. అమ్మ గొంతు ఎంతమంది వింటా ఉండారో!"

గోపాలప్పకు ఒళ్లు మండింది. "గొంతు పోయి మీయమ్మ కుమిలిపోతా ఉంటే, దాంతో ఎగతాళా? తీసెయ్. ఇప్పుడే తీసెయ్!"

"తీసేస్తే అమ్మ గొంతు ఇంకేడుండాదప్పా? ఆ ఫోను కూడా చెడిపాయె. ఇదొక్కటే మిగిలుండేది." అనూష కళ్లలో నీళ్లు తిరిగాయి.

ఎప్పుడొచ్చిందో, పద్మావతి గుమ్మంలో నిలబడి ఉంది. తడిచేతులు కొంగుకు తుడుచుకుని వచ్చి కుర్చీలో కూర్చుంది. ఆ పిల్లల వగలు చూసి భుజాలు కదిలేలా నవ్వింది. పాట మళ్లీ పెట్టమని సైగ చేసి, తానూ వాళ్లతోపాటు పెదాలు కదిపింది. ఆపరేషన్ అయినప్పటినుంచి పాట జోలికే పోని మనిషి!

గోపాలప్ప ఆ పెదాలనే చూస్తూ ఉండిపోయాడు. ప్రతి మాటా తెలుస్తోంది. కానీ ఇన్నేళ్లూ ఆమె మాటలు చూశాడే తప్ప, గొంతు ఎప్పుడు తీరిగ్గా విన్నాడు? లోటా అక్కడే పెట్టి గబగబా కిందికి దిగాడు.

మగ్గాలు ఒక్కొక్కటే ఆగిపోయాయి. పండగ కాదు, కరెంటూ పోలేదు. పనివాళ్లు తెల్లమొహాలు వేశారు.

నిశ్శబ్దమైన ఇంట్లో గోపాలప్ప పైకొచ్చి, భార్య కుర్చీ పక్కన నేలమీద కూర్చున్నాడు.

"ఇంకో తూరి పెట్టమ్మా" అన్నాడు కూతురితో. "ఈ తూరి వింటా."