గుంతల చుట్టూ ముగ్గు

రోడ్డు గుంతల చుట్టూ ముగ్గు వేసి ఉండుడు మీరెప్పుడన్న చూసిన్రా? నేను చూసిన. సంగారెడ్డి పక్కన కంది ఊరి దగ్గర సర్వీస్ రోడ్డు మీద, వరుసగ ఐదు రోజులు.

చుక్కల ముగ్గు గాదు. గుంత చుట్టూ తెల్లటి గీత, పక్కన నెంబరు. ఒకటి, రెండు, మూడు, గట్ల పదిహేడు దాక. ఎవరు వేస్తున్నరో ఎవ్వరికీ తెల్వది.

నేను ఆ రోడ్డు కాంట్రాక్టర్ దగ్గర సైట్ ఇంజనీర్‌ని, పేరు అమర్. మూడేండ్ల నుంచి సాగదీస్తున్న పని. ఎవరో ఉత్తరం రాస్తే హైకోర్టు దాన్నే కేసు కింద తీసుకున్నది. సోమవారం లోపల గుంతలన్నీ పూడ్చాలె, సైట్ ఇంజనీరే సంతకం పెట్టి రిపోర్ట్ ఇయ్యాలె అన్నది.

అసలు పరేషాన్ రోలర్ నడిపే నర్సన్నతోని.

"ముగ్గు మీదికెళ్లి రోలర్ తోలను సారు. ఎవరో ఏదో మంత్రం చేసి పెట్టిన్రు. నేను పిల్లలు గలోన్ని."

ఎంత చెప్పినా వినలె. చుట్టూ రోడ్డు చక్కగ అయింది. పదిహేడు గుంతలు మాత్రం పదిలంగ ఉన్నయి.

ఎవరబ్బా? నాకు మనసు ఆగలె. శుక్రవారం పొద్దుగాల ఐదున్నరకే పోయి, పెద్ద సిమెంట్ పైపు ఎనక నిలవడ్డ.

సన్నగ తుంపర పడుతున్నది. ఒక పిల్ల వచ్చింది. నీలం కంపెనీ కోటు, భుజానికి టిఫిన్ సంచి, చేతిల ముగ్గు డబ్బా. వానకు చెరిగిన తొమ్మిదో నెంబరు కాడ కూసున్నది.

"మేడం, ఇది మీ వాకిలి గాదు."

ఆమె బెదరలె. బూట్ల నుంచి హెల్మెట్ దాక నన్ను ఒకసారి చూసింది.

"మీదా? మీ వాకిలి గిట్లనే ఉంచుకుంటరా?"

"మీ ముగ్గుతోనే నా పని ఆగింది," అని నర్సన్న సంగతి చెప్పిన.

నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నది. బాధపడుతున్నదనుకున్న. నవ్వుతున్నది.

"బండ్లోళ్లు చూసుకొని పోతరని వేసిన సారు. మంత్రాలు పెట్టనీకి నాకేడ తీరిక? ఆరింటికి పటాన్‌చెరు బస్సు."

పేరు రవళి. మందుల కంపెనీల ప్యాకింగ్ పని. ఎండాకాలంల వాళ్లమ్మ మల్లమ్మ ఎక్కిన ఆటో ఆ తొమ్మిదో గుంతలనే బోల్తా పడ్డది. చెయ్యి విరిగింది.

"అయితే హైకోర్టుకు ఉత్తరం?"

"నేనే. చదువుతరో లేదో అనుకున్న. చదివిన్రు."

షెడ్డుల చాయ్ తాగుతున్న నర్సన్నను పిలుచుకొచ్చిన. రవళి ఆయన ముంగటనే ఆ తొమ్మిదో ముగ్గును చెప్పుకాలితో చెరిపింది.

"సూడు మామా, నేనే వేసిన, నేనే తొక్కుతున్న. ఏమన్న అయితే నాకే అయితది."

"ముందుగాల చెప్పొద్దా బిడ్డా," అని నర్సన్న రోలర్ ఎక్కిండు.

కానీ మధ్యల వాన దంచి కొట్టింది. ఆదివారం సాయంత్రానికి పన్నెండే అయినయి. కాంట్రాక్టర్ సారు ఫోన్ చేసిండు.

"పదిహేడూ అయినయని రాయి. జడ్జిగారు వచ్చి చూస్తడా? రాయకుంటే రేపటి నుంచి పనికి రాకు."

ఉద్యోగం పోతదంటే నాకు భయమే. కానీ నేను అబద్ధం రాస్తే, ఆ పిల్ల మళ్ల పొద్దుగాల వానల తడుసుకుంట ఐదు గుంతల చుట్టూ గీతలు గీస్తది. అది తలుసుకుంటే అబద్ధానికి చెయ్యి రాలె. పన్నెండు అయినయి, ఐదు మిగిలినయి అని రాసి, ఆ ఐదు గుంతల ముగ్గు ఫోటోలు పెట్టి సంతకం చేసిన.

కోర్టు ఇంకో పది రోజులు ఇచ్చింది. ఉన్నదున్నట్టు రాసిన ఇంజనీరే పని ముగించాలె, ఆయనను కదపొద్దు అని కాంట్రాక్టర్‌కు చెప్పింది.

తొమ్మిదో రోజు పొద్దుగాల రవళి డబ్బాతోని వచ్చింది. నున్నటి రోడ్డు మీద ఆ చివరి నుంచి ఈ చివరి దాక నడిచి చూసింది.

"ఇగ ఈ పిండి ఏం జేస్తవ్?" అన్న.

"ఏముంది. అమ్మ చెయ్యి బాగైంది, మా వాకిట్ల ఆమెనే వేసుకుంటది. నాకే పని లేకుండ పోయింది."

ఆగితే ఇగ అడగనని తెలుసు.

"సంగారెడ్డిల మా వాకిలి పెద్దది. మా అమ్మకు మోకాళ్ల నొప్పులు. నువ్వంటే నాకు ఇష్టం రవళీ."

ఆమె బస్సు వచ్చే దిక్కు చూసింది, నా దిక్కు చూసింది.

"మీ వాకిట్ల గుంతలున్నయా?"

"ఒక్కటి గూడ లేదు."

"కాయితం మీద రాసి సంతకం పెట్టు. నీ సంతకమైతే నమ్ముత," అని ముగ్గు డబ్బా నా చేతిల పెట్టింది. "ఆదివారం అమ్మను తోలుకొని తనిఖీకి వస్త."