తెగిన గంటలోని మాట

"కొంచెం జరుగు. ఆటో నీ ఒక్కదానిదే గాదు," అన్నాడు భూషణ్, తడిసిన జుట్టు దులుపుకుంటూ.

"ముందుగాల నామీద నీళ్లు జల్లుడు ఆపు. నీకన్న కుక్కపిల్ల నయం," అంది సాక్షి.

భివండి ధామన్కర్ నాకా దగ్గర వాన దంచికొడుతోంది. ట్రాఫిక్ కదలడం లేదు. డ్రైవర్ ఇంజన్ ఆపేసి, చాయ్ తాగొస్తానని దిగిపోయాడు. వెనక సీట్లో మిగిలింది ఉప్పూ నిప్పూ లాంటి వీళ్లిద్దరే.

గడియకాపుల దగ్గర శిక్షణకు ఈసారి కనేరి బస్తీ నుంచి ఎంపికైంది కూడా వీళ్లిద్దరే. గడియకాపులనే వాళ్లున్నారని భివండిలో ఎవరికీ తెలియదు. మగ్గం మీద పోగు తెగినట్టే కాలం కూడా అప్పుడప్పుడూ ఎక్కడో ఒకచోట తెగుతుంది. పోగు తెగితే అతకడం మగ్గం నడిపే ప్రతి ఇంట్లో వచ్చు. కాలాన్ని అతికే వేళ్లు మాత్రం ఊరంతా వడపోస్తే ఒకరిద్దరికే దొరుకుతాయి. తమ ఇంట్లో డిగ్రీ చేతికందుకున్న మొదటి మనిషి సాక్షి. ఈ విద్యనూ ఆమె పరీక్షకు చదివినట్టే పట్టుపట్టి నేర్చుకుంది. భూషణ్ ఆడుతూ పాడుతూ నేర్చేసుకున్నాడు. అందుకే అతన్ని చూస్తే ఆమెకు ఒళ్లు మంట.

"సాక్షీ..." అన్నాడు భూషణ్. ఈసారి ఆ గొంతులో వేళాకోళం లేదు.

"ఏంది?"

"శాన దినాల సంది చెప్దామనుకుంటున్న. నిన్ను సతాయించకపోతే నాకు బువ్వ సయించది. ఎందుకో నాకే లేటుగ సమజైంది. నువ్వంటే నాకు ఇష్టం యార్. టైంపాస్ ఇష్టం గాదు, మా అమ్మకు గూడ చెప్పేంత ఇష్టం."

సాక్షి చటుక్కున వాన వైపు తిరిగింది. చెంపలు వేడెక్కాయి. ఏదో ఒకటి అనాలని నోరు తెరిచేలోపే ఫోన్ మోగింది.

యమునాబాయి! భివండి గడియకాపులకు పెద్ద ఆవిడే.

"కనేరిల తెగింది. ఉరికి రాండ్రి!"

ఇద్దరూ ఆటో వదిలేసి వానలో పరుగెత్తారు.

కనేరిలో ఆ గల్లీ మొదట్లోనే కాళ్లు ఆగిపోయాయి. పగలూ రాత్రీ చెవులు చిల్లులు పొడిచే మరమగ్గాల చప్పుడు లేదు. వాన చినుకులు దండలోంచి తెంపిన పూసల్లా గాలిలో నిలిచిపోయాయి. గడప దగ్గర ఒకావిడ చాయ్ వంపుతోంది. ఆ ధార కప్పు దాకా చేరకుండా మధ్యలోనే ఆగింది. గల్లీ నడుమ కాలపు పోగు, తెగిన రెండు కొసలూ చీకిపోతూ, వెలుగు నూలులా వణుకుతోంది.

యమునాబాయి తలమీద కొంగైనా సర్దుకోలేదు. "ఒకరు తెగినకాడ లోపలికి పోయి కొసలు పట్టాలె, ఒకరు బయటుండి అతకాలె. జల్ది! కొసలు జారినయంటే గీ గల్లీల మనుషులు గిట్లనే ఉండిపోతరు."

"నేను పోత," అన్నారిద్దరూ ఒకేసారి.

తెగిన పోగును అతకాలంటే చీకిన కొసలు తుంచెయ్యాలి. అంతమేర పోగు తగ్గుతుంది. కాలానికీ అదే లెక్క. కొసలు పట్టుకున్న మనిషి బతుకులోంచి, తెగినప్పటి నుంచి అతికేదాకా గడిచినదంతా పోతుంది. జ్ఞాపకం కూడా మిగలదు.

"తెగి ఎంత సేపైంది అవ్వా?" అంది సాక్షి.

"గంటైంది బిడ్డా. మీకు ఫోన్ కలిస్తె గద!"

సాక్షి వేళ్ల మీద లెక్కేసుకుంది. ఆటోలో అతను చెప్పిన మాట ఆ గంటలోదే.

"భూషణ్, నువ్వొద్దు. నేనే పోత."

"పాగల్ అయినవా? నేను అతికినయి ఎన్ని ఊడిపోయినయో నువ్వు సూడలేదా? నీ అతుకే గట్టిది. అండ్ల మనుషులున్నరు సాక్షీ."

"నువ్వు చెప్పింది... నీకు యాదుండది."

భూషణ్‌కు అప్పుడు అర్థమైంది. ముఖంలో నవ్వు ఒక్క క్షణం ఆరిపోయింది. "నీకైతే ఉంటది గద," అన్నాడు.

"నేనింకా జవాబు గూడ చెప్పలె!"

"చెప్పకు. ఇప్పుడు చెప్తె అది గూడ పోతది. దాచిపెట్టు."

అతను లోపలికి అడుగుపెట్టి రెండు కొసలూ పట్టుకున్నాడు.

సాక్షి తొందరపడి కొసలు అందుకోబోయింది. ఒక కొస జారింది. గాలిలోని చినుకులన్నీ ఒక్కసారి కదిలి మళ్లీ బిగుసుకున్నాయి. "ఆగమాగం గాకు బిడ్డా," అంది యమునాబాయి, తనే ఊపిరి బిగబట్టి. సాక్షి పళ్లు బిగించి చీకిన కొసలు తుంచింది. దూదిలాంటి ఆ తునకల్లో తన జీవితంలో విన్న అన్నిటికన్నా మంచి మాట ఉందని ఆమెకు తెలుసు. తెలిసే వదిలేసింది. మిగిలిన కొసలను కలిపి, పురి తిప్పి, బిగించింది.

మగ్గాలన్నీ ఒక్క పెట్టున దడదడలాడాయి. చాయ్ కప్పులో పడింది. ఆగిన వానంతా నెత్తిన కుమ్మరించింది.

భూషణ్ తూలుతూ బయటికొచ్చి చుట్టూ చూశాడు. "ఈడికెప్పుడొచ్చినం? అరే, ఏడుస్తున్నవేంది మేడమ్? ఎవలన్న నీకు మార్కులు తక్కువేసిండ్రా?"

అదే పాత ఎకసెక్కం. ఆ గంట ఆనవాలైనా లేదు.

"కట్టుబాటు ఎరికే గద బిడ్డా," అంది యమునాబాయి మెల్లగా. "పోయిన గంటల ఏమైందో, అది పోగొట్టుకున్నోళ్లకు చెప్పొద్దు."

"ఎరికే అవ్వా."

సాక్షి ఎన్నడూ కట్టుబాటు దాటలేదు, ఇప్పుడూ దాటదు. కానీ అతని మాట పోయినా తన జవాబు తన దగ్గరే ఉంది. అడగని ప్రశ్నకు జవాబెలా చెప్పడం? ఆ ధైర్యం అతనికి ఆ గంటలోనే పుట్టి ఆ గంటతోనే పోయుంటే? తన మాట విని పగలబడి నవ్వితే?

నవ్వితే నవ్వనీ.

"భూషణ్! నేను చెప్పేది మధ్యల ఆపకుంట ఇను. నువ్వంటే నాకు ఇష్టం. ఆదివారం మా ఇంటికి రా. మా బాపుకు నేనే చెప్త."

ప్రతి మాటకూ రెండు మాటలు అప్పజెప్పే భూషణ్ జుట్టు దులుపుకోబోయి ఆగిపోయాడు. చెవులు ఎర్రబడ్డాయి. యమునాబాయి నవ్వు దాచుకోవడానికి అటు తిరిగి కొంగు పిండుకోసాగింది.

"సచ్చీ, నిజంగనా?" అన్నాడు. "నేనే ముందుగాల చెప్పాలనుకున్న... నీకు ఎప్పటి సంది?"

"అది మాత్రం చెప్పరాదు," అంది సాక్షి, అతని చెయ్యి అందుకుంటూ.